ఎడంపక్కాయన

ఆరేళ్లలో భీమశంకరం నాలుగుసార్లు టాక్సీ నడిపాడు. మూడుసార్లు డాక్టరయ్యాడు. రెండుసార్లు ఏదో పేరు తెలియని దేశం తరఫున పెద్ద సభలో కూర్చుని చెవికి యంత్రం పెట్టుకున్నాడు. ఒకసారి చనిపోయి, స్టీలు బల్ల మీద తెల్లదుప్పటి కింద రెండు గంటలు పడుకున్నాడు. ఆ రెండు గంటల్లో నిద్ర పట్టేసి గురక పెట్టాడని, శవం గురక పెడుతుంటే సెట్టంతా పగలబడి నవ్విందని ఆయన భార్య నాగమల్లేశ్వరి తాముండే కమ్మింగ్ ఊళ్లో తెలిసినవాళ్లందరికీ చెప్పింది. "బతికున్న వేషాలకన్నా అదే బాగా వేశారు," అని కూడా అంది.

అట్లాంటా చుట్టుపక్కల అంతా హాలీవుడ్ వాళ్లు వచ్చి సినిమాలు తీస్తారు. రోడ్డు మలుపుల్లో స్తంభాలకు చిన్న పసుపు బోర్డులు వేలాడతాయి. వాటి మీద సినిమా పేరుండదు, ఏదో ఒక దొంగ పేరూ ఒక బాణం గుర్తూ ఉంటాయి. ఆ బాణాల వెంట పోయి భీమశంకరం గుంపుల్లో నిలబడేవాడు. చేతికి కాగితం పట్టీ కట్టేవాళ్లు. దాని మీద నలభై ఏడు అనో, నూట పన్నెండు అనో ఉండేది. తర్వాతెప్పుడో తెర మీద ఆయన ఒక నిట్టూర్పంత సేపు కనిపించేవాడు. పక్కింటివాళ్లు టీవీ ఆపి, వెనక్కి తిప్పి, మళ్లీ ఆపి, "ఇదుగో, ఈ చెవి మీదే కదూ అంకుల్?" అని అడిగేవాళ్లు.

పోయిన మార్చిలో, ఆయనకు వేషాలు చూసిపెట్టే వర్ష ఫోన్ చేసేదాకా ఆయన సినిమా జీవితం అంతే.

అది పైన్ చెట్ల నెల. ఆకాశంలో ఎవరో పసుపు డబ్బా మూత సరిగా పెట్టడం మరిచిపోయినట్టు, జార్జియా అంతటా సన్నటి పుప్పొడి రాలుతూ ఉంటుంది. కార్ల మీద, మెట్ల మీద, ఆరుబయట కుర్చీల మీద. భీమశంకరం కారు అద్దం మీది పసుపును వేలితో తుడుస్తుండగా జేబులో ఫోన్ మోగింది.

"భీమా అంకుల్, ఫస్ట్ కూర్చోండి. కూర్చున్నారా?"

"కూర్చున్నానమ్మా," అన్నాడు నిలబడే.

"ఈసారి టాక్సీ కాదు. బార్బర్. హీరో మీ చెయిర్‌లో కూర్చుని రెండు పేజీలు మాట్లాడతాడు. మీరు వినాలి. జస్ట్ వినాలి."

"ఊ."

"లాస్ట్‌లో మీకు లైన్ ఉంది. మీ ఓన్ లైన్!"

"ఊ!"

"లైన్ ఉంటే క్రెడిట్స్‌లో నేమ్ వస్తుంది, అంకుల్. మీ నేమ్."

ఈసారి ఊ రాలేదు. లైను తెగిపోయిందేమోనని వర్ష రెండుసార్లు హలో అంది. భీమశంకరం వేలి చివర అంటుకున్న పసుపును చూస్తూ నిలబడ్డాడు. ఆయనకు డెబ్బై ఏళ్లు. తన పేరు ఎక్కడో ఒకచోట నలుగురూ చదివేలా కనిపించాలన్న కోరికకు యాభై దాటాయి.

ఆ కోరిక తెనాలి చుట్టుపక్కల పల్లెల్లో పుట్టింది. పదిహేడో ఏట ఆయన ఆదిశేషయ్య దళంలో చేరాడు. బుర్రకథ చెప్పడానికి ముగ్గురు కావాలి. నడుమ తంబుర భుజాన వేసుకుని కథ నడిపే కథకుడు ఆదిశేషయ్య. అటూ ఇటూ గుమ్మెటలు వాయిస్తూ వంత పాడేవాళ్లు ఇద్దరు. కుడిపక్కవాడు లోకం సంగతులు చెబుతాడు. ఎడంపక్కవాడు నవ్విస్తాడు. భీమశంకరం ఇరవై ఎనిమిదేళ్లు ఎడంపక్కనే నిలబడ్డాడు.

నవ్వించడం అందరికీ కనిపించే పని. ఆయన చేసే అసలు పని వేరే ఉంది. అది ఊ కొట్టడం. కథకుడు కోట తలుపులు తెరుచుకున్నాయని పాడితే, ఎడంపక్కవాడు కళ్లింతలు చేసి "ఊ!" అనాలి. అది రెప్పపాటు ఆలస్యమైతే జనానికి తలుపులు తెరుచుకోవు. తల్లి బిడ్డకు కత్తి అందించిందంటే ఇంకో రకం ఊ, గొంతులో సగం మింగిన ఊ. శత్రువు గుర్రం దిగాడంటే ముక్కుతో అనే ఊ. ఆదిశేషయ్య కళ్లు మూసుకుని పాడేవాడు. జనం ఎక్కడ ఉన్నారో, ఏడుస్తున్నారో ఆవులిస్తున్నారో, ఆయనకు ఎడమ చెవిలో పడే ఆ ఊ చెప్పేది.

ప్రతి ఊళ్లో కథకు ముందు గులాబీ రంగు కరపత్రాలు పంచేవాళ్లు. వాటి మీద 'ఆదిశేషయ్య దళం' అని లావు అక్షరాలతో ఉండేది. మిగతా ఇద్దరూ ఆ 'దళం' అన్న మాటలో సర్దుకునేవాళ్లు.

ఒకసారి ధైర్యం చేసి అడిగాడు. "గురువుగారూ, ఈసారి కాయితంలో మా పేర్లు కూడా వేయిస్తారా?"

ఆదిశేషయ్య కిళ్లీ బుగ్గన పెట్టుకుంటూ ఎగాదిగా చూశాడు. "ఏరా, నీ పేరు చూసి వస్తారంట్రా జనం?"

"నన్ను చూసి నవ్వుతారు కదండీ."

"నవ్వుతారు. నవ్వినోడు పేరు అడుగుతాడేంట్రా? ఇంటికెళ్లి పెళ్లాంతో అంటాడు, ఎడంపక్కాయన భలే చేశాడే అని. చాల్దూ?"

చాల్లేదు. కానీ గురువుతో ఆ మాట అనలేదు. ఊ కొట్టి ఊరుకున్నాడు.

తర్వాత పల్లెల్లో టీవీలొచ్చాయి. ఆదిశేషయ్య కాలం చేశాడు. కుడిపక్కాయన తెనాలి బస్టాండులో సోడా బండి పెట్టుకున్నాడు. భీమశంకరం అక్క లక్ష్మీకాంతం ఎప్పుడో నర్సుగా అమెరికా వచ్చి, తమ్ముడి కోసం పెట్టిన కాగితాలు పన్నెండేళ్లు నాని నాని చివరికి ఒకరోజు వీసాగా పైకి తేలాయి. ఆ రకంగా ఆయనా నాగమల్లేశ్వరీ జార్జియాకు వచ్చారు. పాస్‌పోర్టు అట్టలో మడిచిపెట్టిన ఒక గులాబీ కరపత్రం కూడా వచ్చింది. పరీక్షలు రాసి, లైసెన్సు తెచ్చుకుని, ఆయన కౌంటీ స్కూలు బస్సు నడపడం మొదలుపెట్టాడు.

ఆ బస్సులోనే వర్ష పరిచయం. అప్పుడు రెండో తరగతి. ముందు సీట్లో కూర్చుని, ఊగుతున్న పన్ను గురించి, కనిపించకుండా పోయిన తాబేలు గురించి, టీచరు కొత్త చెప్పుల గురించి ఆగకుండా చెప్పేది. బస్సు డ్రైవరు తల పైన వెడల్పాటి అద్దం ఉంటుంది, వెనక పిల్లలందరూ కనిపించేలా. భీమశంకరం కళ్లు రోడ్డు మీదే ఉంచేవాడు. ఎర్రదీపం దగ్గర బస్సు ఆగినప్పుడు మాత్రం ఆ అద్దంలోకి చూసి, కనుబొమ్మలు పైకెత్తి, "ఊ!" అనేవాడు. తాబేలు దొరికిన రోజున ఆయన ఊ విని బస్సంతా చప్పట్లు కొట్టింది. కొన్నాళ్లకు ఎర్రదీపం పడితే చాలు, పిల్లలు కథలతో తోసుకునేవాళ్లు.

ఆ పిల్లే పెద్దదై, సినిమాలకు మనుషుల్ని వెతికిపెట్టే ఆఫీసులో చేరింది. ఆయన బస్సు దిగి రిటైరైన రెండేళ్లకు, "అంకుల్, మీ ఫేస్ వేస్ట్ అవుతుంది," అని పసుపు బోర్డుల దారి పట్టించింది.

బార్బరు వేషానికి కాగితాల మీద సంతకం పెట్టేటప్పుడు పేరు ఎలా వేయాలో రాయమన్నారు. ఆయన 'భీమశంకరం' అని రాశాడు. భుజం మీదుగా తొంగిచూసిన నాగమల్లేశ్వరి, "ఇంటిపేరు ఎవరికి వదిలేశారు?" అంది. అప్పుడు ముందు 'చింతగుంట' చేర్చాడు. చేర్చి, పెన్ను పక్కన పెట్టి, కాగితాన్ని కాస్త దూరంగా పట్టుకుని చూశాడు. గులాబీ రంగు కాదు. అయినా బాగుంది.

సన్నివేశం చిన్నది. ముప్పై ఏళ్లుగా అన్నతో మాట్లాడని ఒక ముసలాయన, చివరికి అన్నను చూడ్డానికి వెళదామని బయలుదేరి, దారిలో ఒక పాత మంగలి షాపు దగ్గర ఆగుతాడు. జుట్టు కత్తిరించుకుంటూ, తెలియని మనిషికి తన కథంతా చెబుతాడు. చివర్లో, "వెళ్లమంటావా?" అని అడుగుతాడు. బార్బరు జవాబివ్వడు. "అంతే, అయిపోయింది. ఇక అద్దంలో చూసుకోండి," అంటాడు. అదీ భీమశంకరం లైను.

ఆ ఒక్క ముక్కను మూడు వారాలు చెప్పుకున్నాడు. పెనం మీద దోసెకు చెప్పాడు. తోటకూర మడికి చెప్పాడు. దువ్వెన తిప్పడం రావాలని నాగమల్లేశ్వరిని కుర్చీలో కూర్చోబెట్టి మెడచుట్టూ దుప్పటి కట్టాడు.

"నెమ్మదండీ. ఉన్న నాలుగూ రాలగొట్టేట్టున్నారు."

"అంతే, అయిపోయింది. ఇక అద్దంలో చూసుకోండి."

"చూసుకుని ఏడవనా?" అంది ఆవిడ.

షూటింగు అట్లాంటాకు తూర్పున గంట దూరంలో ఉన్న ఒక పాత ఊళ్లో. కాటరాక్టు ఆపరేషన్ అయినప్పటి నుంచి ఆయన పెద్దరోడ్ల మీద కారు నడపడం లేదు. నాగమల్లేశ్వరే డ్రైవ్ చేసింది. దారి చెప్పే ఫోను, "అరమైలు తర్వాత కుడివైపు తిరగండి," అని ఇంగ్లీషులో అన్న ప్రతిసారీ ఆయన, "ఊ," అన్నాడు.

"అది మనిషి కాదండీ. దానికెందుకు?"

"చెబుతోంది కదే పాపం."

ఆవిడకు అలవాటే. ఆయన బ్యాంకు ఫోనులో వినిపించే రికార్డింగుకు ఊ కొడతాడు. వాతావరణ వార్తలకు ఊ కొడతాడు. గుడిలో ప్రవచనం జరుగుతుంటే, మైకు దగ్గరగా కూర్చున్నందుకు ఆయన ఊ హాలంతా మోగి, చెప్పేవారు సంతోషించి ఇంకో గంట చెప్పారు. ఇంటికొచ్చాక ఆవిడ రెండు రోజులు మాట్లాడలేదు.

మంగలి షాపులో దీపాలు, కెమెరాలు, వైర్ల నడుమ హీరో కుర్చీలో కూర్చున్నాడు. హేల్ అనే పెద్ద నటుడు. ఎనభైకి దగ్గర పడ్డ మనిషి, జుట్టు పాలనురగలా పల్చగా ఉంది. దర్శకురాలు కళ్లద్దాలు తల మీదికి తోసుకుని, భీమశంకరం భుజం తట్టి, మానిటరు వెనక కూర్చుంది. అంతా నిశ్శబ్దమైంది.

హేల్ మొదలుపెట్టాడు. మా అన్నా నేనూ ఒకే మంచం మీద పడుకునేవాళ్లం.

"ఊ," అన్నాడు భీమశంకరం.

"కట్."

చెవులకు హెడ్‌ఫోను పెట్టుకున్న సౌండు మనిషి, ఎక్కడో మోటారు తిరుగుతున్నట్టుంది అన్నాడు. ఫ్రిజ్ ఆపారు. మళ్లీ మొదలు. అన్నా నేనూ ఒకే మంచం మీద. "ఊ." కట్. ఈసారి అందరూ మోటారు ఎక్కడుందో కనిపెట్టారు. వర్ష పరుగెత్తుకొచ్చింది.

"అంకుల్, సౌండ్ చేయకూడదు. హేల్ మాటల మీద పడుతుంది. సైలెంట్‌గా వినండి, ఓకే?"

"ఓకే అమ్మా," అన్నాడు. చెవులు ఎర్రబడ్డాయి.

మూడోసారి పెదాలు బిగించాడు. ఊ ముక్కులోంచి వచ్చింది. నాలుగోసారి నాలుక పళ్ల మధ్య పెట్టుకున్నాడు. ఊ రాలేదు. కానీ దర్శకురాలే కట్ చెప్పి, దగ్గరకు వచ్చి, ఆయన మొహంలోకి దిగులుగా చూసింది. "మీ మొహం ఏమైంది? పొద్దున రిహార్సల్లో ఎంత బాగుంది! ఇప్పుడు బస్సు కోసం నిలబడ్డ మనిషిలా ఉన్నారు."

అదీ అసలు చిక్కు. గొంతు మూస్తే మొహమూ మూతపడుతోంది. ఇరవై ఎనిమిదేళ్లు ఆ రెంటికీ ఒకటే తలుపు.

భోజనాలకు ఆపారు. నిర్మాతల తరఫు మనిషి ఒకాయన దర్శకురాలి చెవిలో ఏదో చెబుతూ వీధి అవతల నిలబడ్డ ఇంకో ముసలి నటుడి వైపు చూడటం భీమశంకరం గమనించాడు. వర్ష కూడా చూసింది. "లంచ్ తర్వాత టూ టేక్స్ ఇస్తారట, అంకుల్," అంది నేలచూపులు చూస్తూ.

గుడారంలో నాగమల్లేశ్వరి పులిహోర డబ్బా విప్పి కూర్చుంది. ఆయన సంగతంతా చెప్పాడు. నవ్వుతుందనుకున్నాడు. ఆవిడ నవ్వలేదు. డబ్బా మూతను తిప్పుతూ అడిగింది.

"మీరు మా ఊరొచ్చి కథ చెప్పిన ఏడాది మీ గురువుగారికి గొంతు పోయింది, గుర్తుందా?"

"జలుబు చేసింది. దారప్పోగంత వచ్చేది గొంతు."

"మరి మీ ఇద్దరూ పెద్దగా ఊ అంటే ఆయన పాట మునిగిపోదూ? ఆ రోజు మీరు నోరు విప్పలేదు. నేను ముందు వరసలో ఉన్నాగా, అంతా చూశా."

"ఏం చూశావు?"

"వేళ్లు. గుమ్మెట మూతి అరచేత్తో మూసేసి, ఇంకో చేత్తో తోలు మీద ఇలా ఆనించి వదిలేవారు. చప్పుడు లేదు. కానీ మీ మొహం మాత్రం..." ఆవిడ మూత పెట్టేసింది. "ఆ మొహం చూసే కదా పెళ్లికి ఒప్పుకున్నా. ఎవరి ఖర్మకు ఎవరు కర్తలు. తినండి ముందు."

భీమశంకరం తినలేదు. తన కుడిచేతి వేళ్లను చూసుకున్నాడు. తర్వాత బార్బరు కోటు జేబులోంచి దువ్వెన తీశాడు.

మధ్యాహ్నం ఎండ మంగలి షాపు కిటికీలోంచి వాలింది. వెలుతురులో పైన్ పుప్పొడి తేలుతోంది. హేల్ మొదలుపెట్టాడు. అన్నా నేనూ ఒకే మంచం మీద పడుకునేవాళ్లం. భీమశంకరం దువ్వుతున్నాడు. ఊ రావలసిన చోట దువ్వెన ఆగింది. రెప్పపాటు. మళ్లీ కదిలింది. అద్దంలో ఆయన కనుబొమ్మలు లేచాయి, బస్సులో ఎర్రదీపం దగ్గర లేచినట్టే. చప్పుడు లేదు.

మాటలు నడుస్తున్నాయి. నాన్న పోయిన రోజు, పొలం అమ్మకం, విసిరేసిన తాళంచెవి. దువ్వెన ఒకచోట సగం దూరంలో నిలిచిపోయింది. ఒకచోట జుట్టు మీద ఆనకుండా గాల్లో ఆగింది. హేల్‌కు అది తల మీద తెలుస్తోంది. రెండో పేజీకి వచ్చేసరికి ఆయన కళ్లు మూసుకున్నాడు. కళ్లు మూసుకుని, దువ్వెన ఎక్కడ ఆగుతుందో అక్కడ ఊపిరి తీసుకుని, ఆగిన చోటల్లా ఇంకాస్త లోతుకు దిగుతూ చెప్పాడు. సౌండు మనిషి హెడ్‌ఫోను రెండు చేతులతో పట్టుకున్నాడు.

చివరికి హేల్ కళ్లు తెరిచి, అద్దంలోంచి అడిగాడు. "వెళ్లమంటావా?"

అంతే, అయిపోయింది. ఇక అద్దంలో చూసుకోండి. అదీ చెప్పాలి. మూడు వారాలు దోసెకు చెప్పిన ముక్క. కానీ ఒక మనిషి కథంతా చెప్పి, చివర్లో నిజంగా అడుగుతున్నాడు. భీమశంకరం దువ్వెన కిందికి దించాడు.

"ఊ," అన్నాడు.

చిన్న ఊ. చాలా మెత్తటిది. హేల్ మొహం నెమ్మదిగా విప్పారింది. తల ఊపి, కుర్చీలోంచి లేవబోయి లేవలేక మళ్లీ కూర్చున్నాడు. కట్ అనడానికి దర్శకురాలికి చాలాసేపు పట్టింది.

హేల్ మెడచుట్టూ గుడ్డ విప్పకుండానే వెనక్కి తిరిగాడు. "మీ పేరేమిటి?" అని అడిగాడు.

"భీమశంకరం."

ఆయన దాన్ని మూడుసార్లు పలికాడు. మొదటిసారి ముక్కలు ముక్కలుగా, రెండోసారి గొంతు సర్దుకుని, మూడోసారి దాదాపు సరిగ్గా. భీమశంకరానికి బుగ్గన కిళ్లీ పెట్టుకున్న ఒక మొహం గుర్తొచ్చింది. గురువుగారూ, అడిగాడండీ, అనుకున్నాడు లోపల.

అప్పుడే ఫైలు పట్టుకున్న ఆఫీసు మనిషి వర్షతో వాదించడం వినిపించింది. వర్ష దగ్గరకొచ్చి గుసగుసగా చెప్పింది. "అంకుల్, ఊ అంటే లైన్ కాదంట. పేపర్‌లో ఉన్న లైన్ చెప్పలేదు కాబట్టి నేమ్ రాదంట. ఇంకో టేక్ అడగండి. డైరెక్టర్ ఇస్తుంది. జస్ట్ లైన్ చెప్పేయండి, ప్లీజ్."

దర్శకురాలు కూడా వచ్చింది. తనకు ఇదే నచ్చిందని, అయినా ఆయన కోరితే ఇంకొకటి తీస్తానని చెప్పింది. తీస్తే ఏది వాడతానో మాత్రం ఇప్పుడే చెప్పలేనంది. అందరూ ఆయన వైపు చూశారు. తలుపు దగ్గర నిలబడ్డ నాగమల్లేశ్వరి, చెప్పండి చెప్పండి అని చేత్తో సైగ చేసింది.

భీమశంకరం దువ్వెనను అద్దం ముందు బల్ల మీద పెట్టాడు. "కథ అక్కడ ఆగిపోయింది, మేడం," అన్నాడు తనకొచ్చిన ఇంగ్లీషులో. "ఆగిన తర్వాత మాట వేస్తే బరువు. ఇదే ఉంచండి."

తిరుగుదారిలో కారు ఊరు దాటగానే నాగమల్లేశ్వరి అందుకుంది.

"యాభై ఏళ్లు ఏడ్చారు కదండీ ఆ పేరు కోసం!"

"ఊ."

"చేతికి అందింది. ఒక్క ముక్క. దోసెకు చెప్పారు, తోటకూరకు చెప్పారు, అడిగినాయనకు చెప్పలేకపోయారా?"

"ఊ."

"ఊ ఏంటి, ఊ! ఈసారి ఊ అంటే ఇక్కడే దింపేసి పోతా."

ఆయన పెదాలు బిగించి, డాష్‌బోర్డు మీద ఒక వేలు ఆనించి వదిలాడు. ఆవిడ అది చూసింది. చూసి, ఆపుకోలేక నవ్వింది. నవ్వు ఆగక, కారును పక్కకు తీసి కాసేపు ఆపాల్సి వచ్చింది.

సినిమా ఈ ఫిబ్రవరిలో విడుదలైంది. కమ్మింగ్ థియేటర్లో ఒక వరసంతా వాళ్లే. అక్క లక్ష్మీకాంతమ్మ వీల్‌చైర్‌లో వచ్చింది. బస్సులో కథలు చెప్పిన పిల్లల్లో నలుగురు తమ పిల్లల్ని తీసుకొచ్చారు. లోపలికి వెళ్లేముందు పాప్‌కార్న్ దగ్గర వర్ష ఒక మడిచిన కాగితం భీమశంకరం చేతిలో పెట్టింది. సినిమా స్క్రిప్టులో ఒక పేజీ. బార్బరు లైను ఉండాల్సిన చోట పాతది కొట్టేసి ఉంది. కింద కొత్తగా టైపు చేసి ఉంది. బార్బర్: ఊ.

"షూటింగ్‌లో ప్రతి వర్డ్ రాసుకునే ఆమె ఉంటుంది కదా, ఆమె ఇలా నోట్ చేసింది. డైరెక్టర్ స్క్రిప్ట్‌లో మార్చేసింది. ఇప్పుడు పేపర్ మీద ఉంది కాబట్టి లైనే. కానీ ఆఫీస్ ఏమందో నాకు తెలీదు అంకుల్. నిజంగా తెలీదు."

ఆయన కాగితాన్ని జేబులో పెట్టుకున్నాడు. అక్కడ అప్పటికే ఇంకో మడిచిన కాగితం ఉంది, గులాబీ రంగుది.

బార్బరు సన్నివేశం వచ్చింది. తెర మీద దువ్వెన ఆగిన ప్రతిసారీ ఆ వరసలో అందరి ఊపిరీ ఆగింది. "వెళ్లమంటావా?" "ఊ." వెనక ఎవరో తెలియని తెల్లావిడ ముక్కు చీదుకోవడం వినిపించింది. లక్ష్మీకాంతమ్మ, "మా తమ్ముడే," అని ఆవిడకు ఇంగ్లీషులో చెప్పింది, అడక్కపోయినా.

కథ ముగిసింది. సగం హాలు లేచి వెళ్లిపోయింది. నల్లటి తెర మీద తెల్లటి పేర్లు కింది నుంచి పైకి పాకడం మొదలుపెట్టాయి. పెద్ద పేర్లు, తర్వాత చిన్న పేర్లు. అన్న వేషం వేసినవాడు. పెట్రోలు బంకులో అమ్మాయి. పోస్టుమాను.

భీమశంకరం మెల్లగా, "ఊ," అన్నాడు. ఇంకో పేరు వచ్చింది. "ఊ."

"ఇప్పుడెవరు చెబుతున్నారని?" అంది నాగమల్లేశ్వరి చెవిలో.

"అందరూ ఎవరో ఒకరు కదే. వినేవాళ్లుండాలి."

ఊ. ఊ. పేర్లు వాన చినుకులు వెనక్కి లేచినట్టు పైకి వెళుతున్నాయి. అప్పుడు అడుగున, బార్బర్ అన్న మాట పక్కన, ఒక పొడుగాటి పేరు పైకి తేలింది. ఇంటిపేరుతో సహా. వర్ష నోటికి రెండు చేతులూ అడ్డం పెట్టుకుంది.

భీమశంకరం నోరు తెరిచాడు. ఏమీ రాలేదు.

ఆయన పక్కన చీకట్లో, చేతిసంచి ఒళ్లో పెట్టుకుని, చూపు తెర మీది నుంచి తిప్పకుండా నాగమల్లేశ్వరి, "ఊ," అంది.

పేరు పైకి వెళ్లిపోయింది. పిల్లలు చప్పట్లు కొట్టారు. ఎవరో ఆయన భుజాలు పట్టి ఊపారు. దీపాలు వెలిగాయి. అందరూ లేచారు. వరస చివర చక్రాల కుర్చీ తిప్పుతున్నారు. ఆయన మాత్రం కదలలేదు.

"లేవండి ఇక," అంది ఆవిడ కళ్లు తుడుచుకుంటూ. "వచ్చేసింది కదా మీ పేరు."

భీమశంకరం తెర మీద ఇంకా పాకుతున్న పేర్ల వైపు చూస్తూ, ఆవిడ కొంగు పట్టుకుని మళ్లీ కూర్చోబెట్టాడు.

"ఉండవే. డ్రైవర్ల పేర్లు ఇంకా రాలేదు."